ఒక గది, 36 మంది, ఒకే నెగటివ్: పోలండ్ ప్రయోగాత్మక యానిమేషన్‌ను ఎలా చూడాలి

ఒక గది. కెమెరా కదలదు. కిటికీలోంచి ఒక బంతి లోపలికి వచ్చి పడుతుంది. ఒక పిల్లాడు కిటికీ ఎక్కి లోపలికి దిగి, బంతి తీసుకుని, వచ్చిన దారినే పోతాడు. మళ్ళీ బంతి పడుతుంది. మళ్ళీ అదే పిల్లాడు, అదే ఎక్కడం, అదే దిగడం. ఇలా సాగుతుండగా ఒక తల్లి చంటిబిడ్డతో తలుపు తీసుకుని వస్తుంది. పిల్లాడి రాకపోకలు ఆగవు, ఆమె రాకపోకలు వాటికి తోడవుతాయి. ఒకాయన పొట్లం తెచ్చి బీరువా మీద పెట్టి పోతాడు. కిటికీలోంచి ఒక దొంగ దిగి దాన్ని ఎత్తుకుపోతాడు. ఆయన మళ్ళీ తెస్తాడు, వాడు మళ్ళీ ఎత్తుకుపోతాడు. బల్బు మార్చేవాడు, బట్టలు వేసుకునే ఆమె, మంచం మీద ఒక జంట, ఒక తాగుబోతు. చూస్తుండగానే గది నిండిపోతుంది. 36 మంది. ఎవరూ ఎవరికీ తగలరు, ఎవరూ ఎవరినీ చూడరు.

ఇది జ్బిగ్న్యెవ్ రిబ్‌చిన్‌స్కీ తీసిన ‘టాంగో’. నిడివి సుమారు 8 నిమిషాలు. వూచ్ నగరంలోని సె-మా-ఫోర్ స్టూడియోలో తయారై, 1983లో ఉత్తమ యానిమేషన్ లఘుచిత్రంగా ఆస్కార్ తెచ్చుకుంది. ఆస్కార్ గెలిచిన తొలి పోలిష్ సినిమా ఇదే.

ఇలాంటి సినిమాలు చూసినవాళ్ళు ఎక్కువగా అడిగేది ‘దీని అర్థం ఏమిటి’ అని. ఆ గదికి, ఆ జనానికి, ఆ బంతికి ఎన్ని అర్థాలైనా చెప్పుకోవచ్చు. కానీ పోలండ్ ప్రయోగాత్మక యానిమేషన్ విషయంలో అంతకంటే ముందు అడగాల్సిన ప్రశ్న ఒకటుంది: ఈ బొమ్మ దేని మీద తయారైంది, తప్పు జరిగితే వెనక్కి వెళ్ళి దిద్దుకునే వీలుందా? మామూలు సెల్ యానిమేషన్‌లో ఆ వీలుంది. పారదర్శకమైన షీటు మీద గీసిన ప్రతి బొమ్మా అరలో భద్రంగా ఉంటుంది. 37వ బొమ్మలో చెయ్యి వంకరగా వస్తే ఆ ఒక్కటీ మళ్ళీ గీసి, మళ్ళీ కెమెరా కింద పెడితే సరిపోతుంది. పోలండ్‌లో కొందరు ఈ సదుపాయాన్ని కావాలనే వదులుకున్నారు. గీసిన బొమ్మను చెరిపేస్తే తప్ప తర్వాతి బొమ్మ రాని పద్ధతులు, ఫిల్ము మీదే నేరుగా గీకే పద్ధతులు, ఒకే నెగటివ్‌ను పదేపదే వెలుతురుకు చూపించే పద్ధతులు ఎంచుకున్నారు. వాళ్ళ సినిమాల్లో మనకు వింతగా కనిపించేవి చాలావరకు ఆ ఎంపికలోంచే పుట్టాయి. ‘టాంగో’లో ఇది ఎంత దూరం పోయిందో చూద్దాం.

మాస్కుల లెక్క

నటులను విడివిడిగా చిత్రీకరించి, ఒక గదిలో ఒకేసారి ఉన్నట్టు చూపించాలి. ఇప్పుడైతే కంప్యూటర్‌లో పొరల మీద పొరలు పేర్చేస్తాం. అప్పుడు ఉన్న సాధనం ఆప్టికల్ ప్రింటర్. ఒక వైపు ప్రొజెక్టర్, దానికి ఎదురుగా కెమెరా. ప్రొజెక్టర్‌లోని ఫిల్మును కెమెరా ఒక్కో ఫ్రేమే కొత్త ఫిల్ము మీదకు ఎక్కిస్తుంది. మధ్యలో నల్లటి మాస్కు పెడితే, మాస్కు కప్పిన చోట కొత్త ఫిల్ముకు వెలుతురు తగలదు. ఆ భాగం ఏమీ ముద్రపడకుండా ఖాళీగా మిగులుతుంది. తర్వాత ఫిల్మును వెనక్కి తిప్పి, ఈసారి దానికి సరిగ్గా వ్యతిరేకమైన మాస్కు పెట్టి, ఖాళీగా ఉన్న చోట మాత్రమే మనిషి బొమ్మ పడేలా వెలుతురు ఇవ్వాలి.

ఒక మనిషికి ఇంతే. ఇద్దరైతే గది ఒకసారి, మొదటివారు ఒకసారి, రెండోవారు ఒకసారి, మొత్తం మూడు ఎక్స్‌పోజర్లు. ఒకరి ముందు నుంచి మరొకరు నడిచి వెళ్తే, వెనకవాళ్ళ బొమ్మ ఎక్కించేటప్పుడు ముందువాళ్ళ ఆకారాన్ని కూడా కప్పి ఉంచాలి. లేకపోతే ఇద్దరూ దయ్యాల్లా ఒకరిలోంచి ఒకరు కనిపిస్తారు. 36 మందిలో ఎవరు ఎవరికి ముందు, ఏ ఫ్రేములో, ఎన్ని ఫ్రేముల పాటు అన్నది రాసిపెట్టుకోకపోతే పని ముందుకు సాగదు.

అంకెలు చూస్తే పని బరువు తెలుస్తుంది. సెకనుకు 24 ఫ్రేముల లెక్కన 8 నిమిషాలకు 11,520 ఫ్రేములు. ప్రతి ఫ్రేములోనూ అందరూ ఉన్నారనుకుంటే గదితో కలిపి 37 సార్లు, అంటే 4 లక్షల పైచిలుకు ఎక్స్‌పోజర్లు. అందరూ అన్ని ఫ్రేముల్లోనూ ఉండరు కాబట్టి అసలు సంఖ్య అంతకంటే తక్కువే. రిబ్‌చిన్‌స్కీ చెప్పింది కొన్ని లక్షల ఎక్స్‌పోజర్లు, చేత్తో గీసి రంగు వేసిన మాస్కులు సుమారు 16,000, రోజుకు 16 గంటల చొప్పున 7 నెలలు.

ఎక్స్‌పోజర్లు లక్షల్లో ఉంటే మాస్కులు 16,000 ఎలా సరిపోయాయి? ప్రతి మనిషీ చేసే పని లూప్ కాబట్టి. పిల్లాడు కిటికీ ఎక్కి, బంతి తీసుకుని, బయటికి పోయే ఒక్క చుట్టుకు మాస్కులు గీస్తే చాలు, వాడు ఎన్నిసార్లు వచ్చినా అవే పనికొస్తాయి. 16,000ను 36తో భాగిస్తే తలా 444. ఫ్రేముకు ఒక మాస్కు అనుకుంటే సగటున ఒక్కొక్కరికి 18 సెకన్ల చుట్టు. ఇది సగటు లెక్కే. కానీ లూప్ అనేది కథ కోసం తెచ్చిన అలంకారం కాదనీ, అది లేకపోతే ఈ సినిమా నెలల్లో కాదు, ఏళ్ళ తరబడి చేసినా పూర్తవడం కష్టమయ్యేదనీ ఇక్కడ తేలిపోతుంది. మనుషులు అదే పని మళ్ళీ మళ్ళీ చేస్తూ బతుకుతారన్న భావనా, మాస్కును మళ్ళీ మళ్ళీ వాడుకోవాల్సిన అవసరమూ ఈ సినిమాలో ఒకటే.

లూప్ అతుకు కనపడకుండా చెయ్యడం మరో చిక్కు. చివరి ఫ్రేములో మనిషి ఉన్న చోటికీ మొదటి ఫ్రేములో ఉన్న చోటికీ వెంట్రుకవాసి తేడా వచ్చినా తెర మీద గెంతినట్టు కనిపిస్తుంది. ‘టాంగో’లో దీనికి మందు గదిలోనే ఉంది: తలుపులు, కిటికీ. ప్రతి ఒక్కరూ బయటినుంచి వచ్చి బయటికే పోతారు. మొదటి ఫ్రేములోనూ చివరి ఫ్రేములోనూ ఆ మనిషి గదిలో లేడు కాబట్టి అతుకు అన్నదే లేదు. అందుకే ఆ గదికి అన్ని దారులు కావాల్సి వచ్చాయి.

ఇంకా సూక్ష్మమైన విషయం వస్తువులది. బీరువా మీద పొట్లాన్నే తీసుకోండి. పెట్టినాయన వెళ్ళిపోయాడు, దొంగ ఇంకా రాలేదు. ఆ మధ్యలో పొట్లం ఎవరిది? గది నేపథ్యంలో దాన్ని కలిపేస్తే దొంగ తీసుకుపోయాక కూడా అక్కడే ఉంటుంది. కాబట్టి అది ఎవరో ఒకరి చుట్టులో భాగంగానో, విడి పొరగానో అక్కడ కూర్చున్నంతసేపూ ఫ్రేము ఫ్రేముకూ ఎక్కాలి. పిల్లల మంచంలోని బిడ్డ కూడా అంతే. కదలకుండా పడి ఉన్న వస్తువుకు కూడా పని పడుతుందన్నది సినిమా చూస్తున్నప్పుడు తట్టదు.

ఢీకొనకుండా ఎలా?

36 మంది ఒకరికొకరు తగలకుండా తిరగడం గీసే పని కంటే ముందు లెక్కల పని. అందరి లూపూ ఒకే నిడివి అయితే లెక్క తేలిక. మొదటి చుట్టులో గుద్దుకోకపోతే ఎప్పటికీ గుద్దుకోరు. నిడివులు వేరైతే ప్రతి చుట్టుకూ ఎదురుపడే చోటు మారిపోతుంది.

ఊహకు ఒక ఉదాహరణ తీసుకుందాం. ఇవి ‘టాంగో’లోని అంకెలు కావు. ఒకరి చుట్టు 240 ఫ్రేములు, ఇంకొకరిది 264. ఇద్దరూ మళ్ళీ మొదటి స్థానాల్లో కలిసేది వాటి క.సా.గు. దగ్గర, అంటే 2,640 ఫ్రేములకు, 110 సెకన్లకు. ఆలోపు మొదటివారు 11 సార్లు, రెండోవారు 10 సార్లు తిరుగుతారు. ఆ చుట్లన్నిటిలోనూ ఢీకొనే చోటు ఉందేమో విడిగా చూసుకోవాలి. 300 ఫ్రేముల చుట్టుతో మూడోవారు వస్తే క.సా.గు. 13,200కు పోతుంది. అది 550 సెకన్లు, అంటే 9 నిమిషాల పైనే. సినిమా అయిపోయినా ఆ ముగ్గురి అమరిక మళ్ళీ రాదు. ముగ్గురితోనే ఇంత. అందుకే ఇలాంటి సినిమాకు స్క్రీన్‌ప్లే కంటే నేల మీద గీసిన పటం, పక్కన ఫ్రేముల పట్టిక ముఖ్యం.

ఇంత చేసినా లోపాలు మిగిలాయి. వాటిని మొదట ఒప్పుకున్నది రిబ్‌చిన్‌స్కీనే. లక్షల అవకాశాల్లో 100లోపు లెక్క తప్పులు చేశానన్నారు. మనుషుల అంచుల చుట్టూ నల్లగీతలు కనిపిస్తాయనీ, ఫిల్ము అంచుల్లోని కంతల తేడా వల్లా, సెల్యులాయిడ్ సాగడం వల్లా బొమ్మ వణుకుతుందనీ, ప్రొజెక్టర్ బల్బు వెలుతురులో తేడాలు రావడంతో రంగు మారిందనీ, దుమ్మూ గీతలూ పడ్డాయనీ చెప్పారు.

ఈ జాబితాలో ప్రతి లోపానికీ కారణం వెతికితే సినిమా ఎలా తయారైందో అక్కడే దొరుకుతుంది. నల్లగీత ఎందుకు? మాస్కుకూ దాని వ్యతిరేక మాస్కుకూ మధ్య సన్నని సందు మిగిలితే, ఆ సందుకు ఏ ఎక్స్‌పోజర్‌లోనూ వెలుతురు తగలదు. నెగటివ్‌లో వెలుతురు తగలని చోటు ప్రింటులో నల్లగా వస్తుంది. శుభలేఖల ప్రింటింగ్‌లో ఒక రంగు ప్లేటు కాస్త జరిగితే అంచున తెల్లగీత మిగలడం లాంటిదే ఇదీ. కాకపోతే ఇక్కడ మిగిలేది నలుపు. మాస్కులు ఒకదాని మీదకు ఒకటి ఎక్కితే దీనికి రివర్స్: ఆ అంచుకు రెండుసార్లు వెలుతురు తగిలి తెల్లగా మెరుస్తుంది. వణుకు ఎందుకు? ఫిల్మును వెనక్కి తిప్పి మళ్ళీ పెట్టిన ప్రతిసారీ అది కంతల మీద ఆధారపడి కూర్చుంటుంది. ఆ కూర్చోవడంలో వచ్చే అతి చిన్న తేడా ఒక్కొక్కరికీ ఒక్కోలా ఉంటుంది. అందుకే గదీ, మనుషులూ కలిసి వణకరు, విడివిడిగా వణుకుతారు. రంగు తేడాకు కారణం బల్బు: వాడేకొద్దీ దాని వెలుతురు రంగు మారుతుంది, 7 నెలల పని మధ్యలో అది తెలిసిపోతుంది.

డిజిటల్ పునరుద్ధరణ పేరుతో ఈ నల్లగీతలను తుడిచేయాలనుకోవడం తప్పని గట్టిగా చెప్పాలి. దుమ్ము తీయండి, గీతలు తీయండి, అవి బయటినుంచి వచ్చి పడ్డవి. అంచుల నలుపు మాత్రం పనిలోంచి వచ్చింది. ప్రతి మనిషీ తన చుట్టూ ఒక గీతతో పక్కవారి నుంచి విడిపోయి ఉండటమే కదా ఆ గదిలో మనం చూస్తున్నది.

మొదటిసారి చూసేవాళ్ళకు ఒక సలహా. అందరినీ ఒకేసారి పట్టుకోవాలని ప్రయత్నించకండి, కళ్ళు అలసిపోతాయి. మొదటిసారి ఊరికే చూడండి. రెండోసారి ఒక్క పిల్లాడినే వెంటాడండి. మూడోసారి దొంగనూ పొట్లాన్నీ. నాలుగోసారి ఎవరు ఎవరికి ముందు నడుస్తున్నారో మాత్రమే గమనించండి. చివర్లో గది ఖాళీ అవుతున్నప్పుడు ఎవరు మిగులుతారో, బంతి ఎవరి చేతికి పోతుందో చూడండి.

రిబ్‌చిన్‌స్కీ ఒక్కరోజులో ఇక్కడికి రాలేదు. వూచ్ ఫిల్మ్ స్కూల్లో చదివింది కెమెరా పని. 1970లో ఆ స్కూల్లో మొదలైన ‘సినిమా రూపాల వర్క్‌షాప్’ బృందంలో ఆయన కూడా ఉన్నారు. సినిమాలోంచి సాహిత్యాన్ని పక్కన పెట్టి, ఫ్రేము, సమయం, శబ్దం వీటినే పరీక్షించాలన్నది ఆ బృందం పట్టుదల. 1975లో తీసిన ‘కొత్త పుస్తకం’లో తెరను తొమ్మిది గళ్ళుగా విడగొట్టారు. తొమ్మిది గళ్ళలోనూ ఒకేసారి ఏదో జరుగుతుంటుంది, ఒక మనిషి ఒక గడిలోంచి బయటపడి ఇంకో గడిలో తేలతాడు. అక్కడ తొమ్మిది చోట్లు, ఒకే సమయం. ‘టాంగో’లో ఒకే చోటు, ఎన్నో సమయాలు. ఆ తిరగేతను గమనిస్తే ఆయన ఆలోచన సాగిన దారి తెలుస్తుంది.

డబ్బు ఎవరిచ్చారు?

మార్కెట్‌లో అమ్ముడుపోని 8 నిమిషాల సినిమాకు 7 నెలలు ఎవరు భరిస్తారు? రాజ్యం భరించింది. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత పోలండ్‌లో సినిమా అంతా ప్రభుత్వానిదే. వూచ్‌లో పప్పెట్ (ఆడించే బొమ్మల) సినిమాలతో మొదలైన పనే తర్వాత సె-మా-ఫోర్ అయింది. బియెల్స్‌కో-బియావా స్టూడియో పిల్లల కార్టూన్లకు పేరు పడింది. వార్సాలో 1958లో, క్రాకోలో 1966లో మరో రెండు స్టూడియోలు వచ్చాయి. 1956 అక్టోబరు తర్వాత రాజకీయంగా కొంత సడలింపు వచ్చింది, కళాకారులకు ఊపిరాడింది. లఘుచిత్రాలను థియేటర్లలో పెద్ద సినిమాకు ముందు వేసేవారు కాబట్టి అవి తీయడానికి ఒక కారణమూ ఉండేది.

సెన్సార్ ఉండేది. మాటలుంటే పట్టుకోవడం తేలిక, బొమ్మలైతే కష్టం. దానియెల్ ష్చెహూరా 1963లో తీసిన ‘కుర్చీ’ మొత్తం సరిగ్గా నెత్తిమీద నుంచి చూసినట్టు ఉంటుంది. ఒక సభ, వరుసలుగా తలకాయలు, వేదిక మీద ఒక ఖాళీ కుర్చీ, దాని కోసం పాకులాట. పైనుంచి చూస్తే ముఖాలుండవు. ముఖాల్లేని చోట ఫలానా నాయకుడని ఎవరూ వేలు చూపించలేరు.

మాటలు లేకపోవడం వల్ల ఇంకో మేలూ జరిగింది. ఈ సినిమాల్లో చాలావాటికి అనువాదం అక్కర్లేదు. అందుకే విదేశీ ఉత్సవాలకు తేలిగ్గా పోయాయి. ఇవాళ తెలుగువాళ్ళు సబ్‌టైటిల్స్ గొడవ లేకుండా చూడగలగడానికి కారణమూ అదే.

కెమెరాయే వద్దన్న మనిషి

క్రాకో స్టూడియోలో పనిచేసిన యూలియన్ ఆంతోనిష్ మరీ మొండివాడు. 1977లో ఒక ప్రకటనే రాశాడు: సినిమాకు కెమెరా అక్కర్లేదు, ఫిల్ము మీదే నేరుగా చెయ్యాలి అని. అదే ఏడాది ‘సూర్యుడు – కెమెరా లేని సినిమా’ తీశాడు. 1981 నుంచి ప్రభుత్వ వార్తాచిత్రాలను ఆటపట్టిస్తూ తనదైన ‘నాన్‌కెమెరా వార్తాచిత్రం’ వరుసగా చేశాడు. 1987లో చనిపోయేనాటికి ఆయన దగ్గర సొంతంగా కట్టుకున్న వింత యంత్రాలు చాలానే ఉన్నాయి.

యంత్రాలు ఎందుకు కావాల్సి వచ్చాయో కొలతలు చూస్తే తెలుస్తుంది. 35 మి.మీ. ఫిల్ము మీద బొమ్మ పడే జాగా సుమారు 22 మి.మీ. వెడల్పు, 16 మి.మీ. ఎత్తు. తపాలా బిళ్ళంత. దాన్ని 5 మీటర్ల తెర మీద వేస్తే 227 రెట్లు పెరుగుతుంది. చేతిలో సూది 0.1 మి.మీ. జరిగితే తెర మీద ముక్కు 2 సెంటీమీటర్లకు పైగా జరుగుతుంది. పక్క ఫ్రేములో ఇంకోలా జరుగుతుంది. సెకనుకు ఇలాంటివి 24. ఒక నిమిషానికి 1,440 ఫ్రేములు, 27 మీటర్ల ఫిల్ము.

ఆయన వాడిన మార్గాల్లో పాంటోగ్రాఫ్ ఒకటి. నాలుగు బద్దలను కీళ్ళతో కలిపిన పాత సాధనం. ఒక కొనతో పెద్ద బొమ్మ గీతల వెంట నడిపిస్తే, ఇంకో కొనకు కట్టిన సూది అదే బొమ్మను చిన్నదిగా ఫిల్ము మీద గీకుతుంది. పది రెట్లు తగ్గిస్తే చేతి వణుకు కూడా పది రెట్లు తగ్గుతుంది. అయినా పూర్తిగా పోదు, కీళ్ళలోని వదులు కొత్త వణుకును కలుపుతుంది. ఆంతోనిష్ సినిమాల్లో గీతలు ఎప్పుడూ కుతకుతలాడుతూ ఉండటానికి కారణం ఇదే. ఆయన దాన్ని దాచలేదు, ఆ కుతకుతే సినిమా ప్రాణంగా వాడుకున్నాడు.

శబ్దం సంగతి ఇంకా ఆసక్తికరం. పాత ఫిల్ముల్లో బొమ్మ పక్కన సుమారు 2.5 మి.మీ. వెడల్పున శబ్దపు పట్టీ ఉంటుంది. దాని మీది నలుపు తెలుపు తేడాల గుండా వెలుతురు పోయి శబ్దంగా మారుతుంది. ఆంతోనిష్ ఆ పట్టీ మీద కూడా చేత్తోనే గీశాడు. ఫిల్ము సెకనుకు 45.6 సెం.మీ. నడుస్తుంది. సంగీతకారులు శ్రుతికి పెట్టుకునే 440 హెర్ట్జ్ స్వరం ఒక్క సెకను పలకాలంటే ఆ 45.6 సెం.మీ.లో 440 గీతలు సమాన దూరంలో ఉండాలి, గీతకూ గీతకూ మధ్య దాదాపు 1 మి.మీ. దూరం కాస్త పెరిగితే స్వరం దిగుతుంది, తగ్గితే ఎక్కుతుంది, ఎగుడుదిగుడుగా ఉంటే గరగర వస్తుంది. ఇంకో చిక్కు: ప్రొజెక్టర్‌లో శబ్దం చదివే చోటు బొమ్మ వెలిగే చోటు కంటే కిందుగా ఉంటుంది కాబట్టి, బొమ్మకు తగిన శబ్దాన్ని దాని పక్కనే గీస్తే కుదరదు. సుమారు 20 ఫ్రేములు, అంటే 38 సెం.మీ. ముందున్న ముక్కలో గీయాలి. అది మరిచిపోతే తలుపు మూసుకున్న ముప్పావు సెకనుకు పైగా ఆలస్యంగా చప్పుడు వినిపిస్తుంది.

గీసి, చెరిపి, గీసి

వెనక్కి వెళ్ళలేకపోవడం అన్నది ఇంకెవరి దగ్గరా కనపడనంత సూటిగా ప్యోతర్ దుమావా దగ్గర కనిపిస్తుంది. వార్సా లలితకళల అకాడమీలో ఆయన మొదట చదివింది రాతి శిల్పాల సంరక్షణ. అక్కడే తన పద్ధతి దొరికింది: ప్లాస్టర్ పలక, దాని మీద ముదురు రంగు పూత. సూదితో గీకితే కింద తెలుపు బయటపడుతుంది, ఆ తెలుపే బొమ్మ. ఒక ఫ్రేము తీశాక, జరగాల్సిన చోట మళ్ళీ ముదురు రంగు పూసి, కొత్తగా గీకాలి. ముందు బొమ్మ ఇక ఉండదు. షాటు పూర్తయ్యాక చేతిలో మిగిలేది ఒక్క పలక, దాని మీద చివరి ఫ్రేము.

ఇలా చేసేవాళ్ళు ముందు ఫ్రేమునూ తర్వాతి ఫ్రేమునూ పక్కపక్కన పెట్టి పోల్చుకోలేరు. తల ఎంత తిరిగింది, ఇంకెంత తిరగాలి అన్నది మనసులోనే పెట్టుకోవాలి. వేగం తప్పిందని 200వ ఫ్రేములో తెలిస్తే షాటు మొదటినుంచీ చెయ్యాలి. 24 ఫ్రేములకు 12 బొమ్మలే చాలనుకున్నా 30 నిమిషాల సినిమాకు 21,600 మార్పులు. 2000లో వచ్చిన దుమావా ‘నేరం–శిక్ష’ నిడివి దాదాపు అంతే. కదలని షాట్లు తీసేసినా వేలల్లో మిగులుతాయి.

ఆయన సినిమాల చీకటి పద్ధతిలోంచే వచ్చింది. తెల్ల కాగితం మీద గీసేవాడు చీకటిని కలుపుతాడు, దుమావా చీకటిలోంచి వెలుతురు తీస్తాడు. గీకని చోటంతా నలుపే. కాబట్టి గది మొత్తం చూపించడం ఆయనకు ఖరీదైన పని, ఒక ముఖం, ఒక చెయ్యి, దీపం అంచు చూపించడం చవక. 1985లో దొస్తొయెవ్‌స్కీ కథతో తీసిన ‘సౌమ్యురాలు’లోనూ, తర్వాత కాఫ్కా మీద తీసిన సినిమాలోనూ మనుషులు చీకటిలోంచి తేలి చీకటిలోకి పోతారు. ఆ రచయితలను ఆయన ఎంచుకోవడానికీ, ఆ పలకకూ సంబంధం లేదని అనుకోలేం. ‘టాంగో’ గొప్ప ఇంజనీరింగ్. కానీ పోలండ్ యానిమేషన్‌లో ఒక్క సినిమానే దగ్గర పెట్టుకోవాలంటే మా ఓటు ‘సౌమ్యురాలు’కే.

మొదట వెలిగించినవాళ్ళు

ఈ దారి యుద్ధం తర్వాత పుట్టింది కాదు. 1930లలో స్తెఫాన్, ఫ్రాంచిష్కా థెమర్సన్ దంపతులు వార్సాలో సొంతంగా ఒక బల్ల అమర్చుకున్నారు. అద్దం మీద పలచని ట్రేసింగ్ కాగితం, కాగితం మీద వస్తువులు, పైన దీపం, కింద పైకి చూస్తున్న కెమెరా. కెమెరాకు కనిపించేది వస్తువు కాదు, కాగితం మీద దాని నీడ. వాళ్ళు వస్తువును కదిలించాల్సిన పని లేదు, ఫ్రేము ఫ్రేముకూ దీపాన్ని జరిపితే చాలు, నీడలు సాగి, కుంగి, పక్కకు ఒరుగుతాయి. కాగితానికి ఆనుకున్న వస్తువు నీడ పదునుగా, ఎత్తులో ఉన్నదాని నీడ మసకగా వస్తుంది. వాళ్ళ తొలి సినిమాల్లో చాలావరకు యుద్ధంలో పోయాయి. 1937 నాటి ‘మంచి పౌరుడి సాహసం’ మిగిలింది. పోయిందనుకున్న ‘యూరప్’ 2019లో బెర్లిన్‌లోని జర్మన్ ఫెడరల్ ఆర్కైవ్‌లో దొరికింది.

1958లో వాలెరియన్ బొరోవ్‌చిక్, యాన్ లెనీత్సా కలిసి తీసిన ‘ఇల్లు’ బ్రసెల్స్‌లో జరిగిన ప్రయోగాత్మక చిత్రాల పోటీలో గ్రాండ్ ప్రీ గెలిచింది. ఇద్దరూ చిత్రకారులే, లెనీత్సా పోస్టర్లు ప్రపంచమంతా తెలిసినవి. పాత చెక్కుడు బొమ్మల కత్తిరింపులు, ఫొటోలు, నటి, కదిలే వస్తువులు అన్నిటినీ ఒకే సినిమాలో కలిపేశారు. ఒక విగ్గు బల్ల మీద పాకుతూ పాలు తాగేసే ఘట్టం ఇప్పటికీ ఒళ్ళు జలదరింపజేస్తుంది.

‘ఇల్లు’కు సంగీతం వ్వొజిమియెష్ కొతోన్‌స్కీ. 1957లో వార్సాలో యూజెఫ్ పత్‌కోవ్‌స్కీ ఆధ్వర్యంలో పోలిష్ రేడియో ప్రయోగశాల మొదలైంది, టేపు కోసి అతికి శబ్దాలు తయారుచేసే చోటు. కొతోన్‌స్కీ 1959లో అక్కడ తాళం మీద కొట్టిన ఒకే ఒక్క దెబ్బను రికార్డు చేసి, దాన్నే వడకట్టి, స్థాయి మార్చి, ముక్కలు పేర్చి ఒక రచన చేశాడు. బయటినుంచి ఏమీ కలపలేదు. దుమావాకు ఒకే పలక ఎలాగో, ఆయనకు ఒకే దెబ్బ అలాగ. పెదవుల కదలికకు సరిపోవాల్సిన మాటలు లేని యానిమేషన్‌లో ఇలాంటి శబ్దం చక్కగా ఇమిడిపోయింది. ఈ సినిమాలను ల్యాప్‌టాప్ స్పీకర్లలో కాకుండా హెడ్‌ఫోన్స్‌తో చూడమని చెప్పేది అందుకే.

చేసి చూడాలంటే

అర్థం కావడానికి అన్నిటికంటే దగ్గరి దారి, నలుగురితో ఒక చిన్న గదిలో లూప్ సినిమా చేసి చూడటం. ఫోను చాలు. స్టాండుకు గట్టిగా బిగించండి, ఫోకస్, ఎక్స్‌పోజర్, వైట్ బ్యాలెన్స్ మూడూ లాక్ చెయ్యండి. ఏ ఒక్కటి ఆటోలో ఉన్నా మనిషి వచ్చినప్పుడల్లా గోడ రంగు మారుతుంది. కిటికీ ఎండ మీద ఆధారపడకండి. నాలుగో మనిషి దగ్గరికి వచ్చేసరికి నీడలు జరిగిపోయి ఉంటాయి. పరదా వేసి లైట్లే వాడండి. ముందుగా ఎవరూ లేని గదిని ఒక నిమిషం తీసి పెట్టుకోండి.

నేల మీద ఒక్కొక్కరి దారినీ కాగితంపై గీసుకుని, దారులు ఒకదాన్నొకటి దాటే చోట్లను గుర్తు పెట్టండి. ఆ చోటికి ఎవరు ఏ సెకనులో వస్తారో పక్కన రాయండి. తొలిసారి అందరికీ ఒకే నిడివి, 10 సెకన్లు అంటే సెకనుకు 24 చొప్పున 240 ఫ్రేములు, పెట్టుకోవడం మంచిది. చెవిలో మెట్రోనోమ్ (సమాన వ్యవధిలో టిక్‌టిక్‌మనే తాళం) పెట్టుకుని అడుగులు వేస్తే నటులు సమయానికి వస్తారు. ప్రతి ఒక్కరూ తలుపులోంచి వచ్చి తలుపులోంచే పోవాలి. నడుస్తూ కుర్చీని తగిలి జరిపారో, ఆ కుర్చీ నేపథ్యంలో ఒకచోట, ఆ మనిషి పొరలో ఇంకోచోట ఉండి రెండుగా కనిపిస్తుంది. కాబట్టి ఎవరైనా ముట్టుకునే వస్తువు ఖాళీ గది షాటులో ఉండకూడదు, ఆ మనిషి పొరలోనే ఉండాలి.

మాస్కు కత్తిరించేటప్పుడు కాళ్ళ కింద నీడను వదిలేయకండి. నీడ పోతే మనిషి నేల మీద ఆనకుండా గాలిలో తేలుతున్నట్టు ఉంటాడు. అంచును మరీ మెత్తగా చేస్తే జుట్టు చుట్టూ గోడ మరక తోడొస్తుంది, మరీ పదునుగా చేస్తే కాగితం కత్తిరించి అతికినట్టు ఉంటుంది. రెండు మూడు పిక్సెళ్ళ మెత్తదనంతో మొదలుపెట్టి చూసుకోండి. దారులు దాటే చోట మాత్రం సాఫ్ట్‌వేర్ చేసిన మాస్కును నమ్మకండి. ఇద్దరి బట్టల రంగు దగ్గరగా ఉంటే ఒకరి చెయ్యి ఇంకొకరికి అంటుకుపోతుంది. ఆ పది పదిహేను ఫ్రేములూ చేత్తో గీయాల్సిందే. నలుగురికీ వేర్వేరు ముదురు రంగు బట్టలు వేయిస్తే ఆ పని సగానికి తగ్గుతుంది.